సంతకం ఉంది, సీలు లేదు

ఆదివారం,
నాన్న కళ్లద్దాల కొట్టు

ప్రియమైన పెద్దమ్మకి,

ఈ ఉత్తరం చూసి నవ్వుతావో, చింపి పారేస్తావో తెలియదు. హాస్టల్లో ఒకే గదిలో పడి ఉండి, నీ పెద్దరికానికి పెద్దమ్మ అని, నా ఆలస్యానికి నత్త అని పేర్లు పెట్టుకున్న మనకి ఉత్తరాలేమిటి అనుకుంటావు. మా లాయరు గారు మొన్న గట్టిగా చెప్పారు, ఎదుటి పార్టీతో ఫోన్లో ఒక్క ముక్క కూడా మాట్లాడకూడదని. ఎదుటి పార్టీ ఎవరా అని వెనక్కి తిరిగి చూశాను. నువ్వేనట. ఉత్తరాల సంగతి ఆయన ఎత్తలేదు, నేనూ అడగలేదు. అడిగితే అదీ వద్దంటారు.

అసలు సంగతి ముందే చెప్పేస్తాను. నేను కోర్టుకు వెళ్లాను. పిల్లల వైద్యంలో పీజీ సీటు నాకు వచ్చింది, గడువులోగా ఒక కాగితం ఇవ్వలేదని తీసేశారు, తిరిగి ఇప్పించండి అని అడిగాను. కాలేజీ ఒక్కదాని మీదే వేశాననుకున్నాను. సంతకం పెట్టాక తీరిగ్గా చదివితే కింద నీ పేరు కూడా ఉంది. నా తర్వాతి ర్యాంకు నీదే కాబట్టి రెండో విడతలో ఆ సీటు నీకు వెళ్లింది కదా, అందుకని నిన్ను చేర్చకపోతే కేసే నిలబడదట. చదవకుండా సంతకం పెట్టావా అని తిట్టకు. నా సంగతి నీకు తెలుసు.

నాన్న ఆ కాగితం తీసుకుని, అద్దాలు తుడుచుకుని, మొత్తం చదివారు. "ఈ పిల్ల మనింట్లో ఉండి పరీక్షలకు చదువుకున్న పిల్లే కదా?" అన్నారు. అవునన్నాను. ఆయన లెన్సు అరగదీయడానికి లోపలికి వెళ్లిపోయారు. ఆ మిషను చప్పుడు మధ్యాహ్నం దాకా ఆగలేదు.

గడువు ఆఖరి రోజు జరిగింది నీకు ముక్కలు ముక్కలుగానే తెలుసు, ఇప్పుడు వరసగా చెప్తాను. నా ఇంటర్న్‌షిప్ మీ అందరికంటే ఆలస్యంగా ముగిసింది. గడువు కంటే ముందే ముగిసింది, కానీ ముగిసినట్టు సర్టిఫికెట్ చూపించాలి. చేరాల్సింది మన కాలేజీలోనే. సర్టిఫికెట్ ఇవ్వాల్సిందీ మన కాలేజీయే. కింద అడ్మిషన్ల కౌంటరు, పైన సూపరింటెండెంట్ గది, మధ్యలో ఒక మెట్ల వరస.

పొద్దున్నే వెళ్లాను, నిజంగా పొద్దున్నే. సూపరింటెండెంట్ గారు సంతకం పెట్టేశారు. సీలు మాత్రం బీరువాలో ఉంది. మన ఆఫీసు పద్ధతి నీకు తెలుసు, సంతకాలు పొద్దున, సీళ్లు సాయంత్రం. బీరువా తాళం ఉన్న గుమాస్తా ఏదో మీటింగుకు ఫైళ్లు మోసుకుని వెళ్లాడు. నేను కిందికి దిగి కౌంటర్లో బతిమాలాను. పైన నా కాగితం బల్ల మీద ఉంది, సంతకం అయింది, ఒక్కసారి పైకి ఫోన్ చేసి అడగండి అన్నాను. ఆయన చాలా నెమ్మదిగా, "పైన ఏముందో మాకు సంబంధం లేదమ్మా. చేతికి వచ్చిందే మాకు కాగితం," అన్నాడు. మళ్లీ పైకి. మళ్లీ కిందికి. చివరికి మెట్ల మధ్యలోనే కూర్చున్నాను, ఇద్దరిలో ఎవరు పిలిచినా వినపడుతుందని. గుమాస్తా వచ్చి సీలు వేసేసరికి కింద షట్టరు దించేశారు.

అమ్మ అయితే దేవుడు వరమిచ్చినా పూజారి వరమివ్వలేదని వారం రోజులు అదే మాట అంది. నాకు ఎవరిని తిట్టాలో కూడా తెలియలేదు. సంతకం పెట్టినాయన మంచివాడే. కౌంటరాయన రూలు ప్రకారమే చేశాడు. గుమాస్తా ఫైళ్లు మోయకపోతే అతన్ని తిట్టేవాళ్లు. అందరూ మంచివాళ్లే, సీటు మాత్రం పోయింది.

నీ మీద కోపం లేదు. ఉందేమో కూడా. రాత్రి ఉన్నట్టు అనిపిస్తుంది, పొద్దున లేచాక ఎందుకో గుర్తుండదు. జవాబు రాయి, తిడుతూ అయినా సరే.

నీ
నత్త


పిల్లల వార్డు,
డ్యూటీ గది

ప్రియమైన నత్తకి,

"ప్రియమైన" అని రాయడానికి చేయి రాలేదు, అయినా రాశాను. పెంపకం అలాంటిది.

నీ ఉత్తరం కంటే ముందు నీ నోటీసు వచ్చింది. గడువు దాటకుండా నువ్వు పంపిన మొదటి కాగితం అదే అయి ఉంటుంది. నేను ఒక పసివాడి చేతికి సూది పెడుతున్నాను. నరం దొరక్క దొరక్క అప్పుడే దొరికింది. తలుపు దగ్గర కోర్టు మనిషి నా పేరు, మా నాన్న పేరు, మా ఇంటి నంబరు అన్నీ గట్టిగా చదివాడు. వార్డులో ప్రతి మంచమూ ఇటు తిరిగింది. ఆ పసివాడి తల్లి, "కేసు ఉందా డాక్టరమ్మా? మా బాబుకి వేరే డాక్టరు ఎవరైనా ఉన్నారా?" అని మర్యాదగానే అడిగింది. దీనికి నిన్ను ఏమనాలో నువ్వే చెప్పు.

కాలేజీ లాయరు దగ్గరికి వెళ్లాను. మీ తప్పేమీ లేదు డాక్టరుగారూ, భయపడకండి, కానీ ఆమె గెలిస్తే మీరు దిగిపోవాలి అన్నాడు. తప్పు లేకుండా దిగిపోవడం ఏమిటో నాకు అర్థం కాలేదు. మళ్లీ అడిగితే మళ్లీ అదే చెప్పాడు, ఈసారి కొంచెం నెమ్మదిగా. నేను కాగితాలు గడువుకు ముందు రోజే ఇచ్చాను. ప్రతి కాగితానికీ మూడు కాపీలు, సీళ్లన్నీ సరిచూసి. అలా ఇచ్చినందుకు ప్రతివాదినయ్యాను.

ఇంటి సంగతి నీకు తెలుసు. నాన్న మంచం దిగి ఎన్నాళ్లయిందో. అమ్మ ఆయన పక్కనుంచి కదలలేదు, అయినా కిటికీలోంచి వీధిలో పోయే ప్రతి మనిషికీ మా అమ్మాయి పిల్లల డాక్టరవుతోంది అని చెప్తుంది. పాలవాడికి రోజూ చెప్తుంది. ఇప్పుడు నేను ఇంటికి ఫోన్ చేసి ఏం చెప్పను? అవుతోంది అనేది కోర్టు చూసుకుంటుంది అని చెప్పనా?

నేను బాగా ఆలోచించాను. నీ చోట నేనుంటే నేనూ కేసు వేసేదాన్నే. నా చోట నువ్వుంటే నువ్వూ సీటు తీసుకునేదానివే. మరి మనకి గొడవ ఎందుకు? ఇది ఎంతకీ తెగడం లేదు. తెగడం లేదు కాబట్టి కోపం కూడా పూర్తిగా రావడం లేదు, అదింకా చిరాకుగా ఉంది.

ఒక్కటి అడుగుతాను, సూటిగా చెప్పు. నీ ఇంటర్న్‌షిప్ ఎందుకు పొడిగించారు? నిద్ర లేవక అటెండెన్సు పోయిందని అప్పుడు అన్నావు. నత్త కదా అని అందరం నవ్వి ఊరుకున్నాం. ఇప్పుడు ఆలోచిస్తే లెక్క కుదరడం లేదు. నిన్ను రోజూ లేపింది నేను. నువ్వు ఆలస్యంగా వెళ్తావు కానీ వెళ్లకుండా ఉండవు. ఆ రెండు వారాలు నువ్వు ఎక్కడికి పోయావు? అవి లేకపోతే నీ సర్టిఫికెట్ మా అందరితో పాటే వచ్చేది, నాకు ఈ నోటీసు వచ్చేది కాదు.

కోపంగా, ఇంకా మరేదో కూడా,
పెద్దమ్మ


శనివారం,
కొట్టు, గిరాకీ లేని వేళ

ప్రియమైన పెద్దమ్మకి,

ఆ పసివాడికి ఎలా ఉంది? వాళ్లమ్మకి చెప్పు, కేసు ఉన్న డాక్టరు దగ్గర వైద్యం ఇంకా జాగ్రత్తగా జరుగుతుందని.

నిన్న కోర్టుకు వెళ్లొచ్చాను. నువ్వు వస్తావేమోనని మంచి చీర కట్టుకున్నాను, ఎందుకో తెలియదు. నువ్వు రాలేదు. మీ తరఫున నల్లకోటు ఒకాయన వచ్చాడు.

మన కేసులో రెండు నోటీసులున్నాయట. ఒకదానిలో ఫలానా తేదీలోగా ఇంటర్న్‌షిప్ పూర్తయి ఉండాలి అని ఉంది. ఇంకోదానిలో ఫలానా తేదీలోగా సర్టిఫికెట్ చేతికి ఇవ్వాలి అని ఉంది. మొదటిదాని ప్రకారం నేను బంగారం, రెండోదాని ప్రకారం దండగ. ఏ నోటీసు గొప్పదో అని మధ్యాహ్నం భోజనాల వేళ దాకా వాదించుకున్నారు. మా లాయరు గారు మాట్లాడినప్పుడు నాకు అన్యాయం జరిగిందని ఏడుపొచ్చింది. తర్వాత మీ నల్లకోటాయన లేచాడు. ఒక్కరి కోసం గడువు సడలిస్తే రేపు ప్రతివాళ్లూ మెట్ల మీద కూర్చుంటారు, టైముకి ఇచ్చినవాళ్లు పిచ్చివాళ్లా అన్నాడు. నాకు అదీ నిజమే అనిపించి తలూపాను. మా లాయరు గారు నా వైపు చూసిన చూపు నువ్వు చూసి ఉండాల్సింది.

జడ్జి గారు పెద్దావిడ. ఎవరి మాటకీ మొహంలో ఏమీ కనిపించనివ్వరు. అంతా విని ఒకే ఒక్క ప్రశ్న అడిగారు, ఈ అమ్మాయి ఇంటర్న్‌షిప్ అందరిలా ఎందుకు ముగియలేదు అని. నీ ప్రశ్నే. ఇద్దరూ కూడబలుక్కున్నారా? లాయరు గారు వెనక్కి తిరిగి నన్ను చూశారు. సొంత కారణాలు అని రాయించాను. బయటికొచ్చాక ఆయన చాలా విసుక్కున్నారు. కారణం మంచిదైతే సగం కేసు గెలిచినట్టేనమ్మా, దాచుకుని ఏం చేసుకుంటావు అన్నారు.

నీకు మాత్రం పాత జవాబే. నిద్ర. నత్తకి వేరే కారణం ఏముంటుంది?

ఇప్పుడు నేను చేస్తున్న పని నీకు చెప్పలేదు కదూ. పొద్దున ఒక క్లినిక్కులో జలుబులు, జ్వరాలు చూస్తాను. సాయంత్రం కొట్లో నాన్నకి సాయం. వచ్చినవాళ్లని కుర్చీలో కూర్చోబెట్టి, గోడ మీద అక్షరాలు చదివించి, అద్దాలు మార్చి మార్చి, ఇప్పుడు బాగుందా, ఇందాక బాగుందా అని అడుగుతాను. చాలామంది కాసేపటికి తేల్చుకోలేక, రెండూ ఒకేలా ఉన్నాయమ్మా అంటారు. అప్పుడు నాకు మన కేసే గుర్తొస్తుంది. ఒక అద్దంలోంచి చూస్తే సీటు నాది. మార్చి చూస్తే నీది. నాన్న మాత్రం, తొందరపెట్టకు, కళ్లు మూసుకుని కాసేపాగి మళ్లీ చూడమను అంటారు.

పిల్లల వార్డు ఎలా ఉంటుందో రాయి. వద్దులే, రాయకు. రాస్తే ఇంకా కావాలనిపిస్తుంది.

నీ
నత్త


పిల్లల వార్డు

ప్రియమైన నా మొద్దు నత్తకి,

ఇన్నాళ్లూ జవాబు రాయనిది కోపంతో కాదు. మూడుసార్లు రాసి చింపేశాను. ఫోన్ చేద్దామనుకున్నాను, లాయర్ల మాట నేను లెక్కచేయను. కానీ ఫోన్లో అయితే నవ్వించి దాటేస్తావు. కాగితం మీద దాటేయలేవు.

పెద్దవాళ్ల వార్డులో ఉండే హెడ్ నర్సు గారిని మా వార్డుకు మార్చారు. మొదటి రోజే నన్ను గుర్తుపట్టి, ఇంటర్న్‌షిప్‌లో కామెర్లతో మా పాత వార్డులో పడుకున్నావు కదమ్మా, ఇప్పుడు ఎలా ఉంది అని అడిగింది. బాగున్నాను అన్నాను. "మీ చెల్లెలు ఏం చేస్తోంది?" అంది. నాకు చెల్లెలు లేదన్నాను. ఆవిడ నవ్వింది. లేకపోవడమేమిటి, నీ మంచం పక్కన స్టూలు మీద కూర్చుని పడుకునేది, నిద్రలో తల నీ కాళ్ల మీద వాలిపోయేది, ఆ పిల్ల అంది.

నాకు అన్నీ గుర్తున్నాయే నత్తా, కానీ వేరేగా గుర్తున్నాయి. తెల్లకోటు వేసుకుని వచ్చేదానివి కాబట్టి నీ డ్యూటీ ఆ వార్డులోనే అనుకున్నాను. అదృష్టం అనుకున్నాను. ఇంట్లో నాన్నని వదిలి అమ్మ రాలేదు, అయినా నా వార్డులోనే నా నత్తకి డ్యూటీ పడిందని దేవుడికి దండం పెట్టుకున్నాను. నీ డ్యూటీ ఆపరేషన్ల యూనిట్లోనట. మీ చీఫ్ సెలవు ఇవ్వలేదట, జబ్బు పడ్డవాళ్లకే సెలవు, స్నేహితురాలికి జ్వరమొస్తే సెలవిచ్చే రూలు లేదని. నువ్వు చెప్పకుండా వచ్చి కూర్చున్నావట. రోగి తాలూకు మనిషికి పాసు ఇచ్చేటప్పుడు ఏమవుతారు అని అడిగితే మా పెద్దమ్మ అన్నావట. గేటు దగ్గరాయన ముసలావిడ ఎక్కడా అని మంచం మంచం వెతికాడట. చివరికి హెడ్ నర్సు గారే చెల్లెలు అని రాయించింది. చెప్తూ ఆవిడ ఒకటే నవ్వు. నేను స్టోరు గదిలోకి వెళ్లి ఏడ్చాను.

నీ రెండు వారాలు నా దగ్గరే ఉన్నాయి. అవి పట్టుకుని నీ సీటులో కూర్చుని, ఎక్కడికి పోయావు అని నిన్నే అడిగాను.

అదే రోజు కాగితం రాసుకుని ఆఫీసుకు వెళ్లాను, సీటు వదులుకుంటాను, నా స్నేహితురాలికి ఇవ్వండి అని. నిజం చెప్తాను, వెళ్తూ మెట్ల మీద రెండుసార్లు ఆగాను. కౌంటరాయన కాగితం చదివి వెనక్కి ఇచ్చేశాడు. సీటు వదులుకునే గడువు దాటిపోయిందట. ఇప్పుడు మానేస్తే ఆ సీటు ఎవరికీ వెళ్లదు, ఖాళీగా పడి ఉంటుంది, నన్ను వచ్చేసారి పరీక్ష కూడా రాయనివ్వరు. గడువు దాటిందని నాకు, జీవితంలో మొదటిసారి. విన్న వెంటనే నాకు హాయిగా అనిపించింది. ఆ హాయి తెలిసి సిగ్గేసింది. ఇప్పటికీ ఆ రెండూ కలిసే ఉన్నాయి, విడదీయడం నా వల్ల కాలేదు.

కాబట్టి విను. నేను ఇవ్వాలన్నా ఇవ్వలేను. నువ్వు లాక్కుంటేనే నీకు వస్తుంది. లాక్కో. జడ్జి గారికి కారణం చెప్పు. సగం కేసు అన్నారుగా మీ లాయరు, ఆ సగం నా కామెర్లే. నువ్వు చెప్పకపోతే నేనే వచ్చి చెప్తాను. అమ్మకి ఏం చెప్పాలో నేను చూసుకుంటాను. ఆవిడ పాలవాడికి ఏం చెప్పాలో ఆవిడ చూసుకుంటుంది.

నీ
పెద్దమ్మ


సోమవారం

ప్రియమైన పెద్దమ్మకి,

ఆ హెడ్ నర్సు గారికి మాటలెక్కువ. ఉప్మా మాడినా ఊరంతా చెప్పే రకం.

నేను చెప్పను, నువ్వు కూడా చెప్పవద్దు. నీ పక్కన కూర్చున్నది సీటు కోసం కాదు. నీ కళ్లు పసుపచ్చగా తిరిగిపోయి, అమ్మా అమ్మా అని ఎవరినో పిలుస్తుంటే వదిలి వెళ్లలేక కూర్చున్నాను. అంతే, అందులో గొప్పేం లేదు. ఇప్పుడు ఆ కూర్చోవడాన్ని కోర్టులో పెట్టి, ఇదిగో దీనికి బదులు ఆమెను దింపి నన్ను ఎక్కించండి అనాలా? అలా అన్నాక మనం ఒకరి మొహం ఒకరు ఎలా చూసుకుంటాం?

సీటు కావాలి. కావాలని నీకు అబద్ధం లేకుండా చెప్తున్నాను. క్లినిక్కుకు చిన్నపిల్లలు వస్తే పెద్ద డాక్టరు గారి దగ్గరికి పంపేస్తూ వాళ్ల వెనకే చూస్తుంటాను. కానీ నిన్ను లాగేసి ఎక్కడం నాకు చేతకాదు.

అందుకని ఇవాళ పని పూర్తి చేశాను. కేసు వెనక్కి తీసుకుంటున్నానని నోటరీ దగ్గర కాగితం రాయించి, సంతకం పెట్టి, లాయరు గారికి పోస్టులో పంపేశాను. ఫోన్ చేస్తే ఆయన వాదిస్తారు, నేను కరిగిపోతాను. ఫోన్ కూడా ఆపేశాను. నాన్నకి ఇంకా చెప్పలేదు. సరైన వేళ చూసి చెప్తాను.

నువ్వు ఇంక నిశ్చింతగా నరాలు వెతుక్కో.

నీ
నత్త


పిల్లల వార్డు,
చాలా గందరగోళంగా

ప్రియమైన నత్తకి, లేక పిటిషనర్ గారికి,

నాకు ఏమీ అర్థం కావడం లేదు. నీ ఫోన్ ఎత్తవు. నీ ఉత్తరం నిన్న వచ్చింది, కేసు వెనక్కి తీసుకున్నానని. చదివి నిన్ను తిట్టాల్సిన తిట్లన్నీ వరస పెట్టుకుంటుంటే, ఇవాళ కాలేజీ లాయరు వార్డుకే వచ్చాడు. తీర్పు వచ్చింది, ఆమె గెలిచింది అన్నాడు. లేని కేసు ఎలా గెలిచింది అని నేను. కేసు లేకపోవడమేమిటి అని అతను. మంచాల మీద పిల్లలు మమ్మల్ని చూశారు.

తీర్పు కాగితం నా చేతిలో ఉంది, రెండుసార్లు చదివాను. నాకు అర్థమైనంత రాస్తాను. గడువు గడువే అన్నారు జడ్జి గారు, దాన్ని ఎవరి కోసమూ సాగదీయకూడదన్నారు. అక్కడిదాకా చదివి నువ్వు పోయావనుకున్నాను. తర్వాతి పేజీలో, కానీ ఈ కాగితం బయటి నుంచి రావలసింది కాదు అన్నారు. అడిగింది ఆ కాలేజీ, ఇవ్వాల్సింది ఆ కాలేజీ, గడువు రోజున సంతకంతో సహా ఆ కాలేజీ బల్ల మీదే ఉంది. తన చేతిలో ఉన్నదాన్ని తనకి ఇవ్వలేదని ఒక అమ్మాయిని ఎలా శిక్షిస్తారు అని అడిగారు. చంకలో పిల్లను పెట్టుకుని ఊరంతా వెతికినట్టుందని ఆవిడ రాయలేదు కానీ, అర్థం అదే.

ఈ ఏడాది అడ్మిషన్లు మూసేశారు కాబట్టి వచ్చే ఏడాది ఇదే కాలేజీలో, పిల్లల వైద్యంలోనే ఒక సీటు నీ కోసం తీసి పెట్టాలట. ఇక ప్రతివాది, అంటే నేను, ఏ తప్పూ చేయలేదు కాబట్టి ఆమెను కదపనక్కర్లేదట. ఒక్క వాక్యం. ఇన్నాళ్లూ నేను తినకుండా, పడుకోకుండా ఉన్నదంతా ఆ ఒక్క వాక్యంలో తేల్చేశారు. లాక్కోవడమే లేదు నత్తా. ఇద్దరికీ చోటుంది. ఆ మాట మనకి ఎవరూ ఎందుకు చెప్పలేదు? మన లాయర్లకి తెలియదా, తెలిసీ చెప్పలేదా?

నా కామెర్ల ప్రస్తావన ఎక్కడా లేదు. వెతికాను. కొంచెం నిరాశగా కూడా అనిపించింది.

ఇప్పుడు నా ప్రశ్న. కేసు వెనక్కి తీసుకుంటున్నానని నువ్వు పంపిన కాగితం ఏమైంది? పంపానని అబద్ధం రాశావా? నాకు అబద్ధమైనా ఫరవాలేదు. ఇవాళ నాకు ఏదైనా ఫరవాలేదు. అమ్మకి ఫోన్ చేస్తే ఏమీ అర్థం కాక, సరే, ఇద్దరు పిల్లల డాక్టర్లని చెప్తాలే పాలవాడికి అంది.

తిరుగు టపాలో జవాబు రాయి. లేకపోతే నేనే వచ్చి నిన్ను లేపుతాను.

నీ
పెద్దమ్మ


ఆదివారం,
కొట్టు మూసి ఉంది, నాన్న పడుకున్నారు

గౌరవనీయులైన సీనియర్ గారికి,

వచ్చే ఏడాది నుంచి ఇలాగే పిలవాలి కదా, ఇప్పటి నుంచే అలవాటు చేసుకుంటున్నాను.

అబద్ధం రాయలేదు. కాగితం రాయించాను, పంపాను. ఎలా పంపానో మాత్రం నీకు రాయలేదు. అప్పటికి నాకే దాని సంగతి తట్టలేదు, లేదా తట్టినా చూడనట్టు ఊరుకున్నాను.

నోటరీ గారిది మా వీధి చివర చిన్న గది. ఆయన కాగితం టైపు చేయించారు. నేను సంతకం పెట్టాను, ఆయనా పెట్టారు. తర్వాత సొరుగు లాగి చూసి, "అరెరే, సీలు మా అల్లుడు పట్టుకెళ్లాడమ్మా. కూర్చో, వచ్చేస్తాడు," అన్నారు. గోడ పక్కన ఒక బల్ల ఉంది. కూర్చున్నాను.

కూర్చోగానే ఆ మెట్లు గుర్తొచ్చాయి. కింద కౌంటరు, పైన సంతకం, మధ్యలో నేను. అప్పుడు సీటు కోసం సీలుకి కాచుకున్నాను, ఇప్పుడు సీటు వదులుకోవడానికి సీలుకి కాచుకుంటున్నాను. నవ్వొచ్చింది, వెంటనే ఒళ్లు మండింది. లేచాను. నోటరీ గారు ఏదో అంటున్నారు, వినిపించుకోలేదు. కాగితాన్ని అలాగే కవర్లో పెట్టి, పక్కనే ఉన్న పోస్టు డబ్బాలో వేసి ఇంటికొచ్చి నీకు ఉత్తరం రాశాను, పని పూర్తయిందని.

తీర్పు రోజు లాయరు గారు నాకోసం కొట్టుకి ఫోన్ చేశారు. నాన్న ఎత్తారు. గెలిచామన్న మాట విని, ఫోన్ పెట్టేసి, అద్దాలు తీసి పక్కన పెట్టి, ఉత్త కళ్లతో నన్ను చూశారు. అద్దాలు లేకపోతే ఆయనకి నేను మసకగా కనిపిస్తాను. అయినా చాలాసేపు అలాగే చూశారు. ఆ తర్వాత రోజు నా కవరు తిరిగొచ్చింది. మీద లాయరు గారి చేతిరాత, సీలు లేదు, చెల్లదు, వేయించి మళ్లీ పంపండి అని. ఆయన లోపల ఏముందో కూడా పూర్తిగా చదవలేదనుకుంటాను. సీలు లేని కాగితాన్ని ఎవరు చదువుతారు?

నాకు అర్థం కానిది ఇదే, పెద్దమ్మా. సీలు లేకపోతే కాగితం చెల్లదని ఈ లోకంలో నాకంటే బాగా తెలిసినవాళ్లు ఎవరున్నారు? నా సీటు పోయింది దానికే. మరి ఆ బల్ల మీంచి ఎందుకు లేచాను? మర్చిపోయానా? ఓపిక అయిపోయిందా? నీకు వదిలేశాను అనిపించుకుంటూ, వదలకుండా ఉండటానికి లోపల ఇంకెవరో లేపారా? నీకు మాత్రం వెనక్కి తీసుకున్నానని ఎంత ధైర్యంగా రాశానో చూడు. ఎంత తవ్వినా తెలియడం లేదు. నువ్వు ఆ ఆఫీసు మెట్ల మీద రెండుసార్లు ఆగానని రాశావు కదా. నేను ఆగకుండా వచ్చేశాను. రెండూ ఒకటేనేమో.

నాన్నని అడిగాను. ఆయన ఎప్పటిలాగే, కళ్లు మూసుకుని కాసేపాగి మళ్లీ చూడమ్మా అన్నారు. అలాగే చేశాను. ఇంకా తెలియలేదు.

ఒక్కటి మాత్రం తేల్చుకున్నాను. వచ్చే ఏడాది చేరే రోజు కాగితాలన్నీ ముందు నీ చేతికే ఇస్తాను. ప్రతిదాని మీదా సీలు ఉందో లేదో నువ్వే చూడు. నన్ను నేను నమ్మడం లేదు.

నీ జూనియరు,
నత్త